సగం మూత

నకిరేకల్ బైపాస్ పక్కపొంటి రేకుల షెడ్డు,
ఒక మోటరు, ఒక గొట్టం, ఒక తుపాకి.
తుపాకంటే బండ్లు కడిగేదే.
నా కొలువు గదే.

చేరిన మొదటి దినం జానిమియా ఉస్తాద్
నా చేతిల తుపాకి పెట్టలే, మగ్గు పెట్టిండు.
"నీళ్లు కొట్టుడు ఎవనికైనా వస్తది,
ముందుగాల సబ్బు కలుపుడు నేర్చుకో."

మా బోరు నీళ్లు మొండివి.
పప్పును ఉడకనియ్యవు, సబ్బును నవ్వనియ్యవు.
అగ్గువ బట్టల సబ్బు కరిగిచ్చి పోస్తే
పాలు విరిగినట్టు విరుగుతది,
ఎండినంక నల్ల కారు మీద తెల్ల మచ్చలు.
ఓనరు గోరుతోని గీకి
నా మొఖం దిక్కు చూస్తడు.
ఉస్తాద్ పండ్ల మీది గోధుమ గీతలు గూడ
ఈ నీళ్లు రాసినయే.
వాటికి షాంపూ రాలేదింకా అంటడు,
నోరు మూసుకొనే నవ్వుతడు.

నీలం డబ్బా కార్లకు, బకెట్టుకు రెండు మూతలు.
పచ్చ డబ్బా ఇంజన్ల జిడ్డుకు,
మరిచిపోయి పెయింటు మీద ఉంచినవో
తిన్నింటి వాసాలు లెక్కపెడ్తది.
ఆసిడ్ డబ్బా మూలకు, తాళమేసి.
దాంతోని రిమ్ములు ఒక్క దినం తళతళమంటయి,
మూడో నెలకు మోటరు లోపలి వాషర్లు
అటుకుల తీరు రాల్తయి.
నిమ్మకాయల డీసీఎంకు సబ్బే వద్దు,
దాని వాసన దానికుండనియ్.

సబ్బుకు నల్ల మూతి పెట్టాలె, దానికి దూకుడు తక్కువ.
సబ్బు కింది నుంచి మీదికి,
నీళ్లు మీది నుంచి కిందికి.
ఎందుకని అడిగిన.
"మీది నుంచి పోస్తే చారలు పడ్తయి,
ఏడ్చి కడుక్కోని మొఖం లెక్క."

అన్నీ వచ్చినయనుకున్న.

పొద్దుమీకి ఈదయ్య
వైకుంఠ రథం తోలుకొచ్చిండు.
ఉస్తాద్ నమాజుకు పోయిండు.
తెల్ల బండి. తలుపుల సందుల బంతిరెక్కలు,
పేలాలు, మూలలకిరికిన రూపాయి బిళ్లలు,
కొక్కానికి తెగిన దారం.
తలుపు అంచుకు పసుపు,
పట్టుకొని దించినోళ్ల వేళ్లు
వేళ్లు వేళ్లుగనే ఉన్నయి.

చేతికందింది పచ్చ డబ్బా.
నురుగు చిమ్మిన.

వేళ్లన్ని ఎర్రగయినయి.
నురుగు ఎర్రగ కారుకుంట
బండి కింద మడుగైంది.
ఈదయ్య నోట్ల బీడీ కింద పడ్డది.
పెండ్లిండ్లల్ల అమ్మ పసుపుల సున్నమేసి
పారాణి కలుపుతది.
అది యాదికొచ్చెదాంక
నెత్తురనే అనుకున్న నేను.

ఉస్తాద్ వచ్చిండు. తిట్టలే.
మార్కెట్ల ఏరి పారేసిన నిమ్మకాయలు
షెడ్డు ఎన్క ఎప్పుడూ ఉంటయి.
రెండు కోసుకొచ్చి రుద్దిండు.
ఎరుపు మల్ల పసుపయింది,
మెల్లగ, ఒక వేలెన్క ఒక వేలు.

"ఘాటు సబ్బుకు పసుపు పడదు బేటా.
ఈ బండికి నీలం డబ్బా, సగం మూతే.
తుపాకి వద్దు. స్పాంజీ పట్టు."

ఎవలి వేళ్లే ఇవి అని అడిగిన ఈదయ్యను.
"పొద్దటి సంది ముగ్గురిని దించిన,
ఎవలియని చెప్పాలె?" అని
ఇంకో బీడీ ముట్టిచ్చిండు.

బిళ్లలు ఏరితే పదిహేడు రూపాయలు.
ఈదయ్య ముట్టడు, నేను ముట్ట.
ఉస్తాద్ నీలం మూతల పోసి
కిటికీల పెట్టిండు.
ఆ మూత ఇంక కొలతకు పనికి రాలే.

పని అయినంక ఒట్టి నీళ్లు పోనియ్యాలె,
లేకుంటే గొట్టం లోపట సబ్బు గడ్డకడ్తది.
రెండు నిమిషాలు చాలు.
ఆనాడు పోనిచ్చిన, తెల్లగనే వచ్చినయి.
ఇంకింత పోనిచ్చిన.
చీకటి పడ్డది, మడుగు నిండింది,
హైవే మీద లారీల లైట్లు దాంట్ల నుంచి పోతున్నయి.

"కరెంటు బిల్లు నీ అయ్య కడ్తడారా"
అని ఉస్తాద్ వచ్చి
మోటరు బంద్ చేసిండు.